వేలు నొక్కింది, కత్తి లేవలేదు

పోయిన నెల ఇదే పేజీలో స్టైలిష్ యాక్షన్ గేముల గురించి నాలుగు ముక్కలు రాసి, సందేహాలుంటే అడగమన్నాను. బాగానే అడిగారు. సగానికి పైగా డెవిల్ మే క్రై 5 గురించే, ఆ తర్వాత బయోనెట్టా. కొందరిది కాంబోల (ఆగకుండా కలిపి వేసే దెబ్బల వరుసల) బాధ, కొందరిది గేమ్ స్మూత్‌గా నడవట్లేదన్న బాధ. ఈ రెండూ వేర్వేరు సమస్యలని మీ ఉత్తరాలన్నీ అనుకుంటున్నాయి. నేనలా అనుకోను. ఆరేళ్లు గేములు టెస్ట్ చేసే ఉద్యోగం చేశాను. ఒకే గంతు రోజుకు మూడు వందలసార్లు వేయించి, కాలు ఎక్కడైనా గోడలోకి దూరుతోందేమో చూడటం నా పని. గేములు ఆడితే జీతమిస్తారా అని ఇంట్లో కుళ్లుకునేవాళ్లు. ఆ మూడు వందల గంతుల వల్ల ఒక అలవాటు మాత్రం అయ్యింది. బటన్ నొక్కిన క్షణానికీ తెరమీద ఏదైనా కదిలిన క్షణానికీ మధ్య ఏం జరిగిందో లెక్కపెట్టకుండా ఉండలేను. ఈసారి జవాబులన్నీ ఆ లెక్కలోంచే వచ్చాయి.

ప్రశ్న: మేడమ్, డెవిల్ మే క్రై 5లో ఎంత స్పీడ్‌గా నొక్కినా నా ర్యాంక్ 'ఏ' దాటదు. వీడియోల్లో వాళ్లకి ట్రిపుల్ ఎస్ ఎలా పడుతోంది? నా వేళ్లలో స్పీడ్ లేదా? (డిగ్రీ రెండో సంవత్సరం విద్యార్థి)

స్పీడ్ ఎక్కువై వచ్చిన తంటా అది. మీరెలా కొడుతున్నారో తెరమీద అక్షరాలతో చూపించే ర్యాంక్ మీటర్‌కి 'డి'తో మొదలై ట్రిపుల్ ఎస్ దాకా ఏడు మెట్లున్నాయి కదా. ఆ మీటర్ మీరు ఎన్ని దెబ్బలు కొట్టారని చూడదు, ఎన్ని రకాలుగా కొట్టారని చూస్తుంది. కొట్టిన దెబ్బే మళ్లీ కొడుతుంటే దానికిచ్చే పాయింట్లు తగ్గిస్తూ పోతుంది. మీరు దెబ్బ తింటే ర్యాంక్ కిందికి జారుతుంది. ఒకే బటన్ టకటకా నొక్కేవాళ్లకి ఈ రెండూ జరుగుతాయి.

రెండోది ఎందుకు జరుగుతుందో కాస్త వివరంగా చెప్పాలి. ఈ గేముల్లో ప్రతి దెబ్బకీ మూడు భాగాలుంటాయి. కత్తి ఎత్తడం, కత్తి తగలడం, కత్తి దించి మళ్లీ నిలబడటం. తెరమీద ఒకదాని తర్వాత ఒకటి వచ్చే బొమ్మల్ని ఫ్రేములంటారు. ఉదాహరణకి ఎత్తడానికి 10 ఫ్రేములు, తగిలే అవకాశం ఉన్నవి 4, తేరుకోవడానికి 20 అనుకోండి. సెకనుకి 60 ఫ్రేములంటే ఒక్కోటి దాదాపు 16.7 మిల్లీసెకన్లు. ఆ తేరుకునే 20 ఫ్రేముల్లో, అంటే సెకనులో మూడో వంతు, మీ హీరో మీ మాట వినడు. మీరు కొంచెం ముందుగా నొక్కేసినా గేమ్ ఆ బటన్‌ని కాసేపు గుర్తుపెట్టుకుని, తేరుకోగానే అమలు చేస్తుంది. దీన్ని బఫర్ అంటారు. మేలు చేయడానికి పెట్టిందే. కానీ టకటకా నొక్కేవాళ్ల బఫర్‌లో ఎప్పుడూ ఇంకో కత్తి దెబ్బ సిద్ధంగా ఉంటుంది. శత్రువు చెయ్యెత్తాడని చూసి మీరు తప్పుకుందామనుకునేసరికి హీరో ఆ మిగిలిపోయిన దెబ్బ వేస్తూ ఉంటాడు. "నొక్కాను, తప్పుకోలేదు" అని రాశారు చూడండి ఉత్తరం చివర్లో, అదే ఇది.

చేయాల్సింది ఇది. గేమ్‌లో ది వాయిడ్ అనే ప్రాక్టీస్ గది ఉంది. గేమ్ హీరోల్లో ఒకడైన డాంటేతో వెళ్లి ఒక్క శత్రువుని పెట్టుకోండి. వాడి మీద గురి లాక్ చేసి, శత్రువు వైపు స్టిక్ నెట్టి కత్తి బటన్ నొక్కితే స్టింగర్, దూసుకెళ్తాడు. వెనక్కి లాగి నొక్కితే హై టైమ్, శత్రువు గాల్లోకి లేస్తాడు. వెంట ఎగిరి తుపాకీ, గాల్లో కత్తి, దిగగానే డీ-ప్యాడ్‌తో స్టైల్ (పోరాడే పద్ధతి) మార్చి ఇంకో ఆయుధం. ఒక్కటే నియమం పెట్టుకోండి, వెంటవెంటనే అదే దెబ్బ రెండుసార్లు వేయకూడదు. నెమ్మదిగా వేసినా ఫరవాలేదు, నెమ్మదిగానే మొదలుపెట్టండి. కత్తి బటన్ రెండుసార్లు నొక్కి ఒక్క క్షణం ఆగి మళ్లీ నొక్కితే వేరే కాంబో వస్తుంది. టకటకా నొక్కేవాళ్లు ఆ కాంబోని జన్మలో చూడరు. శత్రువు దూరంగా ఉంటే ఊరికే నిలబడకుండా వెక్కిరింపు బటన్ నొక్కండి, దానికీ పాయింట్లున్నాయి. ర్యాంక్ 'ఎస్'కి చేరగానే పాట ఒక్కసారిగా పల్లవి అందుకుంటుంది. అదెప్పుడు అందుకుందో చెవికి తెలుస్తుంది కాబట్టి మీటర్ వైపు చూడటం మానేయండి, కళ్లు శత్రువు మీద ఉంచండి.

ప్రశ్న: మా ఆయన బయోనెట్టా ఆడతారు. ఓడిపోయిన ప్రతిసారీ టీవీని తిడతారు. "నేను కరెక్ట్‌గానే నొక్కాను, టీవీ లేటు" అంటారు. ఇంకో పెద్ద టీవీ కొనాలట. నిజంగా టీవీదే తప్పా, లేక సాకా? (ఒక గృహిణి)

అమ్మా, సగం నిజం, సగం సాకు. ముందు ఆయన పక్షాన మాట్లాడతాను.

బయోనెట్టాలో దెబ్బ తగలబోయే ఆఖరి క్షణంలో తప్పుకుంటే విచ్ టైమ్ వస్తుంది. చుట్టూ అంతా నెమ్మదిస్తుంది, హీరోయిన్ బయోనెట్టా మాత్రం మామూలు వేగంతో తిరుగుతూ కొడుతుంది. గేమ్ మొత్తం ఆ ఆఖరి క్షణం మీదే నడుస్తుంది. ఇక టీవీ విషయం. బొమ్మని వెంటనే చూపించదు. రంగులు సవరించి, అంచులు చెక్కి, కదలికల్ని నున్నగా చేసి, అప్పుడు చూపిస్తుంది. సినిమాకి అది బాగానే ఉంటుంది, గేమ్‌కి అది ఆలస్యం.

మా ఇంట్లో నేనిది కొలిచాను. చాలా ఫోన్లలో సెకనుకి 240 ఫ్రేములు తీసే స్లో మోషన్ ఉంటుంది. కంట్రోలర్‌ని టీవీ ముందు పట్టుకుని, బొటనవేలూ తెరా రెండూ కనబడేలా ఫోన్ నిలబెట్టి, దూకే బటన్ నొక్కాను. తర్వాత వీడియోని ఒక్కో ఫ్రేమ్ జరుపుతూ లెక్కపెట్టాను. బటన్ కిందికి దిగిన ఫ్రేమ్ నుంచి హీరో మోకాలు వంచిన ఫ్రేమ్ దాకా 31. ఒక్కోటి 4.17 మిల్లీసెకన్లు కాబట్టి మొత్తం 129. టీవీలో గేమ్ మోడ్ ఆన్ చేసి మళ్లీ తీశాను. 14 ఫ్రేములు, అంటే 58. ఇందులో కంట్రోలర్ ఆలస్యం, గేమ్ సొంత ఆలస్యం కూడా కలిసే ఉన్నాయి. కానీ తగ్గిన 71 మిల్లీసెకన్లు మాత్రం పూర్తిగా టీవీవి. గేమ్ భాషలో నాలుగు ఫ్రేములకు పైనే. ఆఖరి క్షణంలో తప్పుకోవాల్సిన గేమ్‌లో అన్ని ఫ్రేములు అంటే చిన్న విషయం కాదు.

కాబట్టి కొత్త టీవీ వద్దు. ఉన్నదాని పిక్చర్ సెట్టింగ్స్‌లో గేమ్ మోడ్ వెతికి ఆన్ చేయండి. కొన్ని టీవీలు కన్సోల్ పెట్టగానే వాటంతటవే ఆ మోడ్‌లోకి వెళ్తాయి, కానీ ఆ సదుపాయం ఉన్నా ఆఫ్‌లో పెట్టి ఉండొచ్చు. ఆన్ చేశాక మొదటి రెండు రోజులు ఆయన ఇంకా ఎక్కువ ఓడిపోతారు. ఇన్నాళ్లూ ఆలస్యానికి సరిపెట్టుకుంటూ ముందుగా నొక్కడం బొటనవేలికి అలవాటైపోయి ఉంటుంది. ఆ రెండు రోజులు ఆయన్ని ఏమీ అనకండి. మూడో రోజు నుంచి మీ ఇష్టం.

ప్రశ్న: నా ల్యాప్‌టాప్‌లో సెకనుకి ఎన్ని ఫ్రేములో చెప్పే కౌంటర్ దాదాపు ఎప్పుడూ 60 దగ్గరే చూపిస్తుంది. అయినా కొత్త బాస్ (పెద్ద శత్రువు) ఏదైనా కొత్త దాడి మొదటిసారి చేసినప్పుడు గేమ్ ఆగి దూకుతుంది. అరగంట ఆడాక శత్రువులు గుంపుగా వస్తే ఇంకా ఘోరం. గ్రాఫిక్స్ అన్నీ 'లో'లో పెట్టినా అంతే. (సాఫ్ట్‌వేర్ ఉద్యోగి)

మీ ఉత్తరంలో మూడు జబ్బులున్నాయి, అన్నింటికీ ఒకే మందు వేసుకుంటున్నారు.

మొదటిది కౌంటర్‌ని నమ్మడం. అది సగటు చెబుతుంది. ఒక సెకనులో 54 ఫ్రేములు ఠంచనుగా 16.7 మిల్లీసెకన్లకొకటి వచ్చి, ఒక్కటి మాత్రం 100 మిల్లీసెకన్లు తీసుకుందనుకోండి. కౌంటర్ 55 అంటుంది. ఐదే తగ్గాయి కదా అనిపిస్తుంది. కానీ ఆ ఒక్క ఫ్రేమ్‌లో ఆరు ఫ్రేముల కాలం మింగుడుపడిపోయింది, శత్రువు చెయ్యెత్తడం అందులోనే అయిపోయింది. కౌంటర్ తీసేసి ఫ్రేమ్ టైమ్ గ్రాఫ్ పెట్టుకోండి. గీత నిటారుగా పైకి లేచిన ప్రతిచోటా మీ ఫిర్యాదు ఉంటుంది.

రెండోది ఆ 'మొదటిసారి' దూకుడు. కొత్త మంట, కొత్త పొగ, కొత్త మెరుపు తెరమీదకి రావాలంటే గ్రాఫిక్స్ కార్డుకి అర్థమయ్యే రూపంలో షేడర్ అనే చిన్న ప్రోగ్రామ్ తయారవ్వాలి. ముందే తయారుచేసి పెట్టుకోకపోతే ఫైట్ మధ్యలో తయారవుతుంది, అంతసేపూ గేమ్ ఆగుతుంది. పరీక్ష తేలిక. అదే బాస్ చేతిలో చచ్చి మళ్లీ ఆడండి. ఈసారి అదే దాడికి ఆగకపోతే కారణం షేడరే. మొదట్లో షేడర్లు సిద్ధం చేస్తున్నామని చూపించే గేముల్లో విసుగొచ్చి ఆ పని మధ్యలో ఆపకండి. డ్రైవర్ అప్‌డేట్ చేసినప్పుడు మళ్లీ మొదటికొస్తుంది, కంగారుపడొద్దు.

మూడోది అరగంట తర్వాత వచ్చేది. అది వేడి. ల్యాప్‌టాప్ కాలిపోకుండా తన వేగం తానే తగ్గించుకుంటుంది. దీని గురించి నా పరువు పోయిన కథ ఒకటుంది. ఉద్యోగంలో చేరిన కొత్తలో, ఫలానా బాస్ రెండో దశలో గేమ్ తడబడుతోందని రిపోర్ట్ రాశాను. ముగ్గురు ప్రోగ్రామర్లు ఆ బాస్ రెక్కల్లో ఒక్కో ఈకా పీకి చూశారు. మూడు రోజులు. ఏమీ దొరకలేదు. చివరికి ఒకాయన వచ్చి నా మెషీన్ మూత తీసి, ఫ్యాన్ మీద పేరుకున్న దుమ్ముని వేలితో తుడిచి నా టేబుల్ మీద రాసి వెళ్లిపోయాడు. బాస్ రెండో దశ దాకా చేరడానికి నాకు సరిగ్గా అరగంట పట్టేది, అదీ సంగతి. మీరూ ముందు ఫ్యాన్ చూడండి, ల్యాప్‌టాప్ వెనక భాగం కాస్త ఎత్తులో పెట్టండి, ఫ్రేములకి 60 దగ్గర హద్దు పెట్టండి. ఖాళీగా ఉన్న సీన్లలో 110కి పరిగెత్తి వేడెక్కిపోవడం వల్ల గుంపు వచ్చేసరికి దానికి ఓపిక ఉండట్లేదు.

గ్రాఫిక్స్ అన్నీ 'లో'లో పెట్టానన్నారు. ఒకసారి రెజల్యూషన్ ఒక్కటే బాగా తగ్గించి చూడండి. ఫ్రేములు పెరిగితే భారం గ్రాఫిక్స్ కార్డు మీద ఉంది, అప్పుడు నీడలు, పొగమంచు లాంటివి తగ్గిస్తే ఫలితముంటుంది. పెరగకపోతే భారం ప్రాసెసర్ మీద. గుంపులో ఒక్కొక్కడూ ఎటు కదలాలో, ఎవడికి దెబ్బ తగిలిందో లెక్కేసేది ప్రాసెసరే కాబట్టి నీడలెన్ని తగ్గించినా దానికి పట్టదు. టెక్స్చర్లు (వస్తువుల మీద పరిచే బొమ్మలు) మాత్రం కార్డు మెమొరీ సరిపోయినంతవరకు తగ్గించనక్కర్లేదు, వాటివల్ల వేగం పెద్దగా మారదు.

ఒక మాట అడక్కపోయినా చెబుతున్నా. ఈమధ్య ఫ్రేమ్ జనరేషన్ అని, రెండు అసలు ఫ్రేముల మధ్య ఒక కల్పిత ఫ్రేమ్ చొప్పించే సదుపాయాలొచ్చాయి. కంటికి నున్నగా ఉంటుంది. కానీ ఆ కల్పిత ఫ్రేమ్‌కి మీ బటన్ సంగతి తెలియదు, పైగా కొంచెం ఆలస్యం కలుస్తుంది. ప్రకృతి దృశ్యాలు చూస్తూ తిరిగే గేముల్లో వాడుకోండి. ఈ రకం గేముల్లో నేనైతే ముట్టుకోను.

ప్రశ్న: సెకనుకి 30 ఫ్రేముల్లో ఇలాంటి గేములు ఆడటం దండగ అని రాశారు. నేను డెవిల్ మే క్రై వరుసలో 2013లో వచ్చిన డీఎమ్‌సీని ఎక్స్‌బాక్స్ 360లో 30లోనే ఆడి ముగించాను. హాయిగా ఉంది. మీది ఖరీదైన మెషీన్లున్నవాళ్ల దర్పం కాదా? (పాత పాఠకుడు)

దండగ అన్న మాట వెనక్కి తీసుకుంటున్నాను. ఆ నెల పేజీ నిండక కాస్త నోరు జారాను.

మీరు చెప్పింది నిజమే. నింజా థియరీ అనే కంపెనీ చేసిన ఆ గేమ్ ఆనాటి కన్సోళ్లలో 30కే నడిచింది. ఒక్కో ఫ్రేమ్ 33.3 మిల్లీసెకన్లు. అయినా ఆడగలిగామంటే గేమ్ చేసినవాళ్లు దానికి తగ్గట్టు శత్రువుల కదలికలు, సమయాలు అమర్చారు కాబట్టి. నిలకడగా వచ్చే 30, అరవైకీ నలభైకీ మధ్య ఊగే ఫ్రేముల కంటే చేతికి మంచిది. చెయ్యి దేనికైనా అలవాటుపడుతుంది, మారుతూ ఉండేదానికే అలవాటుపడలేదు. బయోనెట్టా చూడండి. ఎక్స్‌బాక్స్ 360లో ఒకలా నడిచింది, ప్లేస్టేషన్ 3లో ఫ్రేములు పడిపోతూ నడిచింది. అదే గేమ్, అవే దెబ్బలు, చేతికి మాత్రం రెండు వేరు వేరు గేములు.

అయితే నా మాటలో సగం నిలబెట్టుకుంటాను. మీ డీఎమ్‌సీ 2015లో డెఫినిటివ్ ఎడిషన్‌గా 60 ఫ్రేములతో వచ్చింది. అందులో టర్బో మోడ్ పెడితే గేమ్ మొత్తం 20 శాతం వేగంగా సాగుతుంది. ఒకసారి అది ఆడి, మళ్లీ పాతది పెట్టి చూడండి. హాయిగా ఉందంటే మరో ఉత్తరం రాయండి, ప్రచురిస్తాం.

ప్రశ్న: సెకనుకి 60 ఫ్రేముల నుంచి 120కి వెళ్లడం అవసరమా?

ఉంటే మంచిదే, లేదని దిగులొద్దు. 30 నుంచి 60కి వెళ్తే ఫ్రేమ్‌కి 16.7 మిల్లీసెకన్లు మిగులుతాయి. 60 నుంచి 120కి వెళ్తే 8.3 మాత్రమే. డెవిల్ మే క్రై 5 స్పెషల్ ఎడిషన్ 2020 నవంబర్‌లో కొత్త కన్సోళ్లతో పాటు వచ్చినప్పుడు హై ఫ్రేమ్ రేట్ మోడ్, రే ట్రేసింగ్ మోడ్ రెండూ ఇచ్చారు. మొదటిదానికి 120 హెర్ట్జ్ టీవీ ఉండాలి. రెండోదాంతో నీటి గుంటల్లో ప్రతిబింబాలు బాగుంటాయి. ఫైట్ మధ్యలో నీటి గుంట వైపు చూసే తీరిక నాకెప్పుడూ దొరకలేదు.

ప్రశ్న: నా వయసు 46. దెబ్బని అడ్డుకుని తిరిగి ఇచ్చే డాంటే రాయల్‌గార్డ్ స్టైల్ నేర్చుకోవాలని నెల రోజులుగా కుస్తీ పడుతున్నాను. దెబ్బ తగిలే క్షణంలో నొక్కడం నా వల్ల కావట్లేదు. ఈ వయసుకి రియాక్షన్ తగ్గిపోయిందేమో, వదిలేయమంటారా?

వదలొద్దు సార్. మీరు ఓడిపోతున్నది వయసు వల్ల కాదు, చూడాల్సిన చోట చూడకపోవడం వల్ల.

ఒక దీపం వెలగగానే బటన్ నొక్కమంటే సగటు మనిషికి దాదాపు పావు సెకను పడుతుంది. 60 ఫ్రేముల గేమ్‌లో అది 15 ఫ్రేములు. కచ్చితంగా అడ్డుకోవడానికి గేమ్ ఇచ్చే వ్యవధి అంతకంటే చాలా తక్కువ. అంటే కత్తి మీ మీదకి రావడం చూసి నొక్కేవాడు ఇరవై ఏళ్లవాడైనా అందుకోలేడు. అందుకునేవాళ్లంతా కత్తిని చూడరు, భుజాన్ని చూస్తారు.

మేం టెస్ట్ చేసిన ఒక గేమ్‌లో గొడ్డలి రాక్షసుడు ఉండేవాడు. కుడి భుజం వెనక్కి వెళ్తుంది, ఒక్క క్షణం బిగుసుకుంటాడు, గొంతులోంచి గుర్రుమనే చప్పుడు, అప్పుడు గొడ్డలి దిగుతుంది. వాడి దాడిని రోజుకు రెండు వందలసార్లు అడ్డుకోవాల్సి వచ్చేది. మూడో రోజుకి నేను తెర చూడటం మానేసి, టేబుల్ మీద వేలితో దరువు వేసుకుంటూ ఆడాను. భుజానికి ఒకటి, బిగువుకి రెండు, గుర్రుకి మూడు, నాలుగు పడకముందే బటన్. కళ్లు మూసుకుని కూడా వరుసగా తొమ్మిదిసార్లు పడింది. ఇది రియాక్షన్ కాదు, తాళం. తాళానికి 46 ఏం వయసు!

మీరు రాసినదాంట్లో ఇంకో ముక్క నా కంటికి తగిలింది. రాత్రుళ్లు బ్లూటూత్ హెడ్‌ఫోన్స్‌తో ఆడతానన్నారు. మనిషి చెవి కంటి కంటే తొందరగా స్పందిస్తుంది. ఆ లాభాన్ని బ్లూటూత్ తినేస్తుంది, చప్పుడు ఆలస్యంగా చేరుతుంది. వైరున్న హెడ్‌ఫోన్స్ పెట్టుకోండి. అలాగే మొదట్లోనే కచ్చితత్వం కోసం ప్రాకులాడకండి, ముందు అడ్డుకోవడం నేర్చుకుని, తర్వాత ఒక్కో శత్రువుది ఒక్కో తాళం పట్టండి. కూడిన శక్తిని రిలీజ్‌తో ఒక్క దెబ్బలో తిరిగి ఇచ్చిన రోజు మీకే తెలుస్తుంది. మధ్యలో విసుగొస్తే మెటల్ గేర్ రైజింగ్ ఆడండి. అక్కడ శత్రువు వైపు స్టిక్ నెట్టి తేలిక దెబ్బ బటన్ నొక్కడమే పారీ (దెబ్బని అడ్డుకోవడం), డిఫెన్స్ చేసినా మీద పడి కొట్టినట్టే ఉంటుంది.

ప్రశ్న: కొన్ని గేముల్లో దెబ్బ బరువుగా తగిలినట్టుంటుంది, కొన్నిట్లో గాలికి కర్ర ఊపినట్టు. రెండిట్లోనూ డ్యామేజ్ అంకెలు ఒకేలా ఉన్నా ఎందుకీ తేడా?

బరువు అంకెల్లో ఉండదు, ఆగడంలో ఉంటుంది. దెబ్బ తగలగానే కొట్టినవాడు, తిన్నవాడు ఇద్దరూ కొన్ని ఫ్రేములు బిగుసుకుపోతారు. హిట్‌స్టాప్ అంటారు. ఆ కొద్ది ఫ్రేములూ మీ కంటికి ఆగినట్టు తెలియదు, కత్తికి ఏదో అడ్డం పడినట్టు చేతికి తెలుస్తుంది. ఏదైనా ఫైట్ వీడియో ఒక్కో ఫ్రేమ్ జరుపుతూ చూడండి, దెబ్బ తగిలినచోట మీరు జరుపుతున్నా బొమ్మ జరగదు. పైన చప్పుడు, కంట్రోలర్ వణుకు, కెమెరా చిన్న కుదుపు చేరతాయి.

ఒకసారి మాకొచ్చిన టెస్ట్ కాపీలో పొరపాటున హిట్‌స్టాప్ తీసేసి ఉంది. ఆ సంగతి మాకెవరికీ తెలియదు. సాయంత్రానికి ఐదుగురం ఐదు రిపోర్టులు రాశాం, కత్తి డ్యామేజ్ సగానికి తగ్గించేశారని. అంకె ఒక్కటీ మారలేదు.

ప్రశ్న: శత్రువుని గాల్లోనే ఉంచి కొడుతూ ఉండటం అనే ఐడియా మొదట ఎవరికొచ్చింది?

ఈ రకం గేముల్లోకైతే ఎవరికీ రాలేదు, దానంతటదే దొరికింది. ఆనిముషా అనే సమురాయ్ గేమ్ తయారవుతున్నప్పుడు ఒక బగ్ వల్ల, కొడుతుంటే శత్రువు కిందపడకుండా గాల్లోనే ఉండిపోయేవాడు. అక్కడ అది తప్పు. హిదెకి కమియా కంటికి మాత్రం అది ఆటలా కనిపించింది. 2001లో వచ్చిన మొదటి డెవిల్ మే క్రైకి ఆయనే దర్శకుడు, గాల్లో ఆడించడాన్ని అందులో పద్ధతిగా పెట్టాడు. ఆ డెవిల్ మే క్రై కూడా మొదలైంది రెసిడెంట్ ఈవిల్ 4 అనే హారర్ గేమ్‌గా. దారి మళ్లి ఇంకో గేమ్ అయిపోయింది. అంతకు పదేళ్ల ముందు, ఈ గేములన్నీ చేసిన క్యాప్‌కామ్ కంపెనీలోనే, స్ట్రీట్ ఫైటర్ 2కీ ఇలాగే జరిగింది. కారుని బద్దలుకొట్టే బోనస్ స్టేజ్ చూస్తుంటే ఒక దెబ్బ పూర్తికాకముందే ఇంకోటి కలుస్తోందని నిర్మాత గమనించి, తీసేయకుండా అలాగే ఉంచారు. ఇవాళ మనం కాంబో అంటున్నది అక్కడే నిలదొక్కుకుంది.

టెస్టర్‌గా ఈ కథలు నాకు కొంచెం గుచ్చుకుంటాయి. నేనూ ఒకసారి "శత్రువు కిందికి దిగట్లేదు, తక్షణం సరిచేయాలి" అని ఎర్ర అక్షరాల్లో రాసి పంపాను. "కావాలని పెట్టిందే" అని వెనక్కొచ్చింది. ఆనిముషా టీమ్‌లో నేనుంటే ఏమయ్యేదో ఆలోచించను.

ప్రశ్న: ఆటో అసిస్ట్ పెట్టుకుని ఆడితే తప్పా? మా తమ్ముడు వెక్కిరిస్తున్నాడు.

ఏం తప్పు లేదు. మీరు ఊరికే బటన్ నొక్కుతున్నా గేమే కాంబో వేసిపెట్టే సదుపాయం అది. ఏ దెబ్బ తర్వాత ఏది బాగుంటుందో చూపించే ఉచిత ట్యూషన్ అనుకోండి. అది వేసే కాంబోని గమనించి, తర్వాత ఆఫ్ చేసి మీ చేత్తో వేయడానికి ప్రయత్నించండి. ఇక మీ తమ్ముడికి బయోనెట్టాలో నాన్‌స్టాప్ ఇన్ఫినిట్ క్లైమాక్స్ అనే స్థాయి పెట్టివ్వండి. మామూలుగా తప్పుకుంటే వచ్చే విచ్ టైమ్ వరం అక్కడ ఉండదు. వెక్కిరింపు కొంత తగ్గుతుంది.

ప్రశ్న: జంప్ క్యాన్సిల్ నేర్చుకోవడానికి ఎన్ని రోజులు పడుతుంది?

తెలియనివాళ్ల కోసం: గాల్లో దెబ్బ వేసి, అది తేరుకోకముందే శత్రువు మీద కాలు మోపి మళ్లీ దూకడం. కాలు మోపగానే మిగిలిన తేరుకునే ఫ్రేములు రద్దైపోతాయి, వెంటనే మళ్లీ అదే దెబ్బ వేయొచ్చు. పైన మొదటి జవాబులో హీరో మీ మాట వినడన్న సమయం ఉంది కదా, దాన్ని ఎగ్గొట్టే దొడ్డిదారి ఇది. శత్రువుకి బాగా దగ్గరగా ఉండాలి, కొంచెం ఎడమైనా ఉత్త గంతు అవుతుంది.

నాకు మూడు వారాలు పట్టింది. రెండో వారంలో బొటనవేలి చర్మం లేచిపోయి ప్లాస్టర్ వేసుకున్నాను. ప్లాస్టర్ మందానికి వేలు ఒక బటన్ మీద నుంచి ఇంకోదాని మీదకి జారకుండా దొర్లడం మొదలుపెట్టింది, ఆ రోజే వరుసగా నాలుగు పడ్డాయి. పుండు మానిపోయినా ఇంకో వారం ప్లాస్టర్ తీయలేదు.